కంకిపాడు వెళ్లిన కలెక్టరమ్మ

పశువైద్యంలో డిగ్రీ చేతికొచ్చి, మొదటి పోస్టింగు కోసం ఎదురుచూస్తున్న పిల్లలు అప్పుడప్పుడు మా ఇంటికి వస్తూ ఉంటారు. కాఫీ తాగుతూ, "మేడమ్, మీ సర్వీసులో మర్చిపోలేని కేసు ఏదండీ?" అని అడుగుతారు. అడ్డం తిరిగిన దూడను బయటికి లాగిన కథో, గేదె పొట్టలోంచి మేకులు తీసిన కథో చెబుతానని వాళ్ల ఆశ. అలాంటివి నా దగ్గర లేకపోలేదు. ఉద్యోగంలో ఎక్కువ కాలం కృష్ణా డెల్టాలో గేదెల వెనకాల తిరిగినదాన్ని. కానీ నాకు ముందుగా గుర్తొచ్చేది మాత్రం విజయవాడ వన్‌టౌన్‌లోని ఒక వీధి కుక్క. దానికి నేను చేసిన వైద్యం పెద్దదేమీ కాదు. ఆ తర్వాత జరిగిన గొడవే పెద్దది.

రిటైర్మెంటుకి ఇంకా కొన్నేళ్లున్నాయనగా నన్ను నగరం శివార్లలో ఉన్న కుక్కల కేంద్రానికి డిప్యుటేషన్ మీద వేశారు. వీధి కుక్కల్ని పట్టుకొచ్చి, పిల్లలు పుట్టకుండా ఆపరేషన్ చేసి, రేబిస్ టీకా వేసి, గుర్తుగా చెవి కొస కొద్దిగా కత్తిరించి, నాలుగు రోజులు ఉంచుకుని, మళ్లీ పట్టుకున్న చోటే వదిలిపెట్టడం అక్కడి పని. పక్కనే దిక్కులేని కుక్కలకీ పిల్లులకీ ఒక షెడ్డు. గేదెల డాక్టరుకి ఊళ్లో ఉండే మర్యాద ఇక్కడ దొరకదని మొదటి వారంలోనే అర్థమైంది. గేదెకి నయం చేస్తే ఆ ఇంటివాళ్లు జున్నుపాలు పంపేవారు. కుక్కకి ఆపరేషన్ చేస్తే ఒక వీధివాళ్లు ఎందుకు పట్టుకెళ్లావని, ఇంకో వీధివాళ్లు ఎందుకు తిరిగి తెచ్చావని తిట్టేవారు. మా ఆడపడుచు పెళ్లిళ్లలో నన్ను పరిచయం చేసేటప్పుడు "మా వదిన డాక్టరు" అని అక్కడితో ఆపేసేది. అవతలివాళ్లు నాకు బీపీ, షుగరు సంగతులు చెప్పుకోవడం మొదలుపెడితే నేను వింటూ కూర్చునేదాన్ని.

పొద్దున్నే గేటు తెరిచేసరికి బయట అట్టపెట్టెలు ఉండేవి. పైన ఆపిల్ పండ్ల బొమ్మ, లోపల ఇంకా కళ్లు తెరవని కుక్కపిల్లలు. ఎవరు పెట్టిపోయారో తెలిసేది కాదు. ముద్దొచ్చినన్నాళ్లు పెంచి, ఇల్లు మారుతున్నామనో, చంటిపాప వచ్చిందనో గేటుకి కట్టేసి పోయిన జాతికుక్కలు కూడా ఉండేవి. పెంచుకుంటామని వచ్చేవాళ్లు లేకపోలేదు. కానీ వాళ్లు ఒక కూనని తీసుకెళ్లిన మర్నాడే గేటు దగ్గర ఇంకో పెట్టె. షెడ్లు ఎన్ని కట్టినా చాలవని, పుట్టేవి తగ్గితే తప్ప ఈ పెట్టెలు ఆగవని ఆ గేటు దగ్గరే నాకు గట్టిగా అర్థమైంది.

నా సిబ్బంది గురించి రెండు మాటలు చెప్పాలి. వల పట్టే అతనిది మైలవరం వైపు. చిన్నప్పుడు చెరువుల్లో వల విసిరిన చెయ్యి, గురి తప్పేది కాదు. మనిషి మాత్రం మహా మెత్తన. సెలవు రోజున ఇస్త్రీ చొక్కా వేసుకుని బజారుకి వెళ్లినా కుక్కలు తనని గుర్తుపట్టి అరుస్తున్నాయని బాధపడేవాడు. "వాటి మంచికే గదండీ చేస్తున్నాం. ఒక్కటైనా తోక ఊపదేంటండీ?" అనేవాడు. డ్రైవరు అంతకుముందు కాలేజీ బస్సు నడిపినవాడు. బస్టాపు కనిపిస్తే అతని కాలు దానంతటదే బ్రేకు మీదికి పోయేది. జనం గబగబా ఎక్కబోయి, లోపల కూర్చున్న ప్రయాణికుల్ని చూసి అంతకంటే గబగబా దిగిపోయేవారు. ఇక బోనులు కడిగి అన్నాలు పెట్టే ఆయమ్మ. కుక్కలతో రోజంతా మాట్లాడేది. మాతో మాట్లాడటానికి ఆవిడకి అంత తీరిక ఉండేది కాదు.

వన్‌టౌన్‌లో స్టీలు సామాన్ల కొట్లు, ప్రింటింగ్ ప్రెస్సులు, పరుపుల కొట్లు ఒకదాన్నొకటి తోసుకుంటూ ఉండే సందు ఒకటుంది. ఒక పక్కన మూత లేని మురుక్కాలవ. ఆ సందులో ఒక గోధుమరంగు ఆడకుక్క ఉండేది, గుండె మీద తెల్ల మచ్చతో. పొద్దున్న కొట్లు తెరిచే వేళకి సందు ఈ చివర నుంచి ఆ చివర దాకా నడిచి, ప్రతి కొట్టు ముందూ ఆగి, లోపలికి తొంగిచూసి, అంతా సవ్యంగానే ఉందన్నట్టు ముందుకి పోయేది. అందుకని దానికి కలెక్టరమ్మ అని పేరు పెట్టారు. దాని హెడ్ క్వార్టర్స్ ఒక పరుపుల కొట్టు మెట్ల కింద. ఏటా వానలకి కాస్త ముందు అక్కడే ఈనేది. పిల్లలకి కాళ్లు వచ్చి మెట్ల కిందనుంచి బయటికొచ్చే సమయానికి సరిగ్గా పెద్ద వానలు పడేవి. మురుక్కాలవ పొంగేది. తరువాత సంగతి చెప్పనక్కరలేదు.

మేము మొదటిసారి వెళ్లినప్పుడు, బండి సందు మొదట్లో కనపడగానే కుక్కలన్నీ మాయమయ్యాయి. ఒక స్టీలు కొట్లో కౌంటరు కింద నుంచి తోక కనిపిస్తోంది.

"ఆ కుక్క మీదేనాండీ?" అన్నాను.

"ఏ కుక్కండీ?" అన్నాడు కొట్టాయన. తోక ఊగుతూనే ఉంది.

సందు మలుపులో ఇడ్లీ బండి నడిపే ఆమె నలభై ఏళ్ల మనిషి, గొంతు గట్టిది. గరిటె ఊపుతూ అంది: "మా చిన్నప్పుడు వచ్చిన బండి కూడా తెస్తామనే చెప్పిందండి. ఒక్కటీ రాలేదు. మళ్లీ మమ్మల్ని నమ్మమంటే ఎట్టాగండీ?"

ఆమె అన్నదాంట్లో తప్పేమీ లేదు. కుక్కల బండి అంటే ఒకప్పుడు అర్థం వేరు. అది మారిందని కాగితం మీద నాకు తెలుసు, ఆ సందుకి తెలియదు.

తర్వాత రెండు మూడు సార్లు బండి లేకుండా ఒక్కదాన్నే వెళ్లి పరుపుల కొట్టు మెట్ల మీద కూర్చున్నాను. కొట్టు నడిపే పెద్దాయన డెబ్భై దాటిన ముస్లిం. తాతల నాటినుంచి దూది ఏకే కుటుంబం. తెల్లటి గడ్డంలో ఎప్పుడూ దూది పోగులు ఇరుక్కుని ఉండేవి, ఏది గడ్డమో ఏది దూదో చెప్పడం కష్టం.

"ఇప్పటికి ఎన్ని పిల్లల్ని పెట్టి ఉంటుంది అన్నగారూ?" అని అడిగాను.

"లెక్క పెట్టలేదమ్మా. పుట్టినవి లెక్కపెడితే, మిగిలినవీ లెక్కపెట్టాలి గదా."

ఆయనే మళ్లీ అన్నాడు: "నేను దాన్ని ముట్టుకోను డాక్టరమ్మా. కొట్లోకి రానివ్వను. మా పద్ధతి అది. కానీ ఆకలైనదానికి ఇంత అన్నం, దాహమైనదానికి ఇన్ని నీళ్లు పెట్టొద్దని ఎవరూ చెప్పలేదు. వానాకాలం వచ్చిందంటే మాత్రం నా వల్ల కావడంలేదు. కాలవలోంచి ఆ కూనల్ని తీసేది నేనే గదా."

"ఆపరేషన్ నా చేత్తో నేనే చేస్తాను. మళ్లీ ఇదే మెట్ల దగ్గర దింపిస్తాను," అన్నాను.

"మాటేనా?"

"మాటే."

ఆయన లేచి సందు మధ్యలో నిలబడి, "కలెక్టరమ్మకి నేను పూచీ," అని గట్టిగా చెప్పాడు. మర్నాడు పొద్దున ఆయన బండి దాకా ముందు నడిచాడు, అది వెనకాలే నడిచింది, పలక వేయగానే బండెక్కి కూర్చుంది. మా వల అతను వల భుజాన వేసుకుని, పనిలేక, పెళ్లికొచ్చిన చుట్టంలా నిలబడి చూశాడు. సందు సందంతా కొట్ల ముందు నిలబడి ఉంది. ఎవరూ నవ్వలేదు.

ఆపరేషన్ చక్కగా జరిగింది. నాలుగో రోజుకి గాయం పొడిగా ఆరింది. అదే వారంలో కంకిపాడు నుంచి కూడా కొన్ని కుక్కల్ని తెచ్చాం. వాటిలో ఒకటి గోధుమరంగుది, గుండె మీద తెల్ల మచ్చతో. ఏ బోనులో ఏ ఊరి కుక్క ఉందో రాసిన బిళ్ల అప్పట్లో బోను తలుపుకి వేలాడదీసేవాళ్లం. ఆ ఏడు వాన తొందరపడి ముందే వచ్చింది. మా పాత షెడ్డు రేకు కారి, ఒక వరస బోనుల్లోకి నీళ్లు పడ్డాయి. ఆయమ్మ చూసి అయ్యో అనుకుని, తడుస్తున్న కుక్కల్ని పొడిగా ఉన్న బోనుల్లోకి మార్చింది, వాటిలో ఉన్నవాటిని ఇంకో చోటికి మార్చింది. కుక్కలు మారాయి. బిళ్లలు మాత్రం ఎక్కడివక్కడే ఉన్నాయి.

కుక్కల్ని దింపే సాయంత్రం నేను ఒక మీటింగులో ఇరుక్కుపోయాను. మర్నాడు పొద్దున్నే ఇడ్లీ బండి ఆమె ఫోను.

"డాక్టరు గారండీ, కుక్క వచ్చిందండి."

"సంతోషం అమ్మా. ఎలా ఉంది?"

"బానే ఉందండి. ఇడ్లీలు కూడా తింది." కొంచెం ఆగింది. "మాది కాదండి."

ఫోనులో వీడియో పంపింది. గోధుమరంగు, తెల్ల మచ్చ, చెవి కొస కత్తిరించి ఉంది, అన్నీ సరిగ్గానే ఉన్నాయి. తోక మాత్రం కలెక్టరమ్మది కాదు. కలెక్టరమ్మది పైకి చుట్టుకుని ఉండే తోక, ఇది చీపురులా వేలాడుతోంది. ఆయమ్మని పిలిచి అడిగాను. వాన కురిసిన రోజు సంగతి చెబుతూ చెబుతూ మధ్యలో ఆగిపోయి, నోటికి చెంగు అడ్డం పెట్టుకుంది. "అమ్మా, తడుస్తుందని..." అని ఏడుపు మొదలుపెట్టింది. "నీ తప్పు కాదమ్మా, రేకు తప్పు," అన్నాను. ఆ మాట ఈ రోజుకీ నమ్ముతాను. తడుస్తున్న కుక్కని చూసి ఊరుకునే మనిషైతే నాకు ఆ షెడ్డులో పనికొచ్చేది కాదు.

వన్‌టౌన్ వెళ్లేసరికి సందులో గుంపు కూడి ఉంది. ప్రెస్సాయన, "మేం ముందునుంచీ చెబుతూనే ఉన్నాం గదా పెద్దాయనా. పోయింది, ఇంకేం వస్తుంది," అంటున్నాడు. పరుపుల పెద్దాయన నా వైపు తిరిగాడు.

"డాక్టరమ్మా, మా కుక్క ఎక్కడుంది?"

"కంకిపాడులో ఉండాలి అన్నగారూ."

"ఉండాలా? ఉందా?"

తెలియని ఊళ్లో దిగిన కుక్కని అక్కడి కుక్కలు బతకనివ్వవు. బందరు రోడ్డు మీద లారీలు ఆగవు. కాలవ గట్టున కాలు జారినా అంతే. పైగా పొట్ట మీద ఇంకా కుట్లు. ఇవన్నీ మనసులోనే అనుకున్నాను, ఆయనతో అనలేదు. "ఇప్పుడే వెళదాం. మీరూ రండి. కళ్లారా చూద్దురు గాని," అన్నాను.

ఇడ్లీ బండి ఆమె పొయ్యి ఆర్పేసింది. మిగిలిన ఇడ్లీలన్నీ ఒక డబ్బాలో సర్దుకుని, "నేనూ వస్తానండి. మీరు కుక్కని చూపించి ఇదే మీదంటే ఈ బాబాయి మొహమాటానికి ఒప్పుకుంటాడు, నేను ఒప్పుకోను," అంటూ బండెక్కింది. పెద్దాయన కొట్లోకి వెళ్లాడు. తిరిగొచ్చేటప్పుడు చేతిలో మనిషి పొడవున్న దూది ఏకే విల్లు ఉంది. ఇప్పుడు అన్నీ మెషిన్లే గానీ, ఆయన ఇంకా చిన్న దిండ్లకి ఆ పాత విల్లే వాడేవాడు.

"ఇదెందుకండీ?" అన్నాడు డ్రైవరు.

"మెట్ల కింద పుట్టిన దగ్గర్నించీ అది దీని మోత వింటూ పడుకున్నదే నాయనా. ఎక్కడున్నా వస్తుంది."

విల్లు బండిలో పట్టలేదు. ఒక కొస కిటికీలోంచి బయటికి పెట్టి బయల్దేరాం. దారిలో అలవాటు ప్రకారం డ్రైవరు ఒక బస్టాపులో ఆపాడు. "కంకిపాడేనాండీ?" అని ఒకాయన సంచీతో సహా ఎక్కబోయి, లోపల ఖాళీ బోనులు, వల, విల్లు, ఒళ్లో ఇడ్లీ డబ్బా పెట్టుకున్న మనిషి, మెడలో స్టెతస్కోపుతో నేను, ఇదంతా ఒకసారి చూసి, "వద్దులెండి, వెనకాల బస్సుంది," అని దిగిపోయాడు. పెద్దాయన గడ్డంలో నవ్వాడు. ఆ నవ్వు చూశాక నాకు కొంచెం ఊపిరాడింది.

కంకిపాడులో మార్కెట్ యార్డు గోడ పక్కన దింపానని డ్రైవరు చూపించాడు. అక్కడ కుక్కలున్నాయి గానీ మాది లేదు. ఉన్నవన్నీ మా వల అతన్ని చూసి ఒక్కసారిగా లేచి అరవడం మొదలుపెట్టాయి. "ఇక్కడ కూడానా!" అని పాపం అతను బండి వెనక్కి వెళ్లి నిలబడ్డాడు. బస్టాండు చూశాం, చేపల మార్కెట్ చూశాం, కాలవ గట్టున చాలా దూరం నడిచాం. ఇడ్లీ బండి ఆమె, "కలెక్టరమ్మా! ఓ కలెక్టరమ్మా!" అని గొంతెత్తి పిలుస్తుంటే, గట్టు మీద సైకిలు తొక్కుతున్న ఒక పంచాయతీ ఉద్యోగి దిగి, చొక్కా సర్దుకుని, రోడ్డు రెండు వైపులా చూశాడు.

ఎండ ముదిరింది. నీళ్లలో ఏది కొట్టుకొస్తున్నా ఆగి చూస్తున్నాను. ఒకసారి పుచ్చిన దుంగ, ఒకసారి గోనెసంచి. పెద్దాయన కూడా నీళ్లవైపే చూస్తున్నాడని గమనించాను. కాలవల్లో వెతకడం ఆయనకి అలవాటైన పని.

"ఇంక ఊళ్లోకి పోదాం," అన్నాడాయన.

మార్కెట్ దగ్గర నాలుగు వీధులు కలిసే చోట విల్లు నిలబెట్టి, చెక్కతో తీగ మీద కొట్టాడు. టంయ్ మని మోగింది. మళ్లీ కొట్టాడు, మళ్లీ మళ్లీ. చిన్నప్పుడు మా ఊళ్లో విన్న మోత అది, ఒళ్లు పులకరించింది. అందరం నాలుగు వైపులా చూస్తూ నిలబడ్డాం.

కుక్క రాలేదు. పరుపులు వచ్చాయి.

ముందు ఒకావిడ చంకలో రెండు దిండ్లతో వచ్చింది. ఆమె వెనక ఇద్దరు కోడళ్లు ఒక పరుపుని చెరో పక్కా పట్టుకుని తెచ్చారు. ఇంకో ఇంటినుంచి బొంత. "ఎన్నాళ్లయిందయ్యా ఈ మోత విని! ఈ మధ్య ఒక్కరూ రావడంలేదు. ముందు మాది చూడు, దూదంతా గడ్డలు కట్టింది," అని ఒకరు, "నేను ముందొచ్చాను," అని ఇంకొకరు.

"అమ్మా, నేను పని మీద రాలేదమ్మా. కుక్క కోసం వచ్చాను," అన్నాడు పెద్దాయన.

"కుక్కకి పరుపెందుకయ్యా?" అంది దిండ్లావిడ.

నవ్వాలో ఏడవాలో తెలియని స్థితిలో నేను ముందుకొచ్చి జరిగింది చెప్పాను. కొత్తగా దిగిన గోధుమరంగు కుక్క, తోక పైకి చుట్టుకుని ఉంటుంది, చెవి కొస కత్తిరించి ఉంటుంది అన్నాను. వాళ్లలో వాళ్లు మాట్లాడుకున్నారు. కోడళ్లలో ఒకామె, "ఇవాళ పొద్దున్నే కొట్టు కొట్టుకీ వచ్చి లోపలికి చూసి పోయింది, అదేనాండీ?" అంది.

మా ఇడ్లీ బండి ఆమె ఆ కోడలి చెయ్యి పట్టేసుకుంది. "అదే! అదేనమ్మా! ఎక్కడుంది?"

"మందుల కొట్టాయన కట్టేసుకున్నాడుగా."

మందుల కొట్టంటే ఎరువులు, పురుగుమందులు అమ్మే కొట్టు. రెండు వీధుల అవతల ఉంది. మేము వెళ్లాం, మా వెనకాల పరుపులూ వచ్చాయి. కొట్టు ముందు యూరియా బస్తాల నీడలో మెడకి కొత్త తాడుతో కలెక్టరమ్మ దర్జాగా పడుకుని ఉంది. పక్కన పెరుగన్నం గిన్నె. విల్లు మోత అంత దూరం వినిపించలేదో, వినిపించినా డ్యూటీ వదిలి రాకూడదనుకుందో నాకు తెలియదు. పెద్దాయన్ని చూడగానే మాత్రం తాడు తెగేలా లేచింది. తాడు తెగలేదు, గుంజ ఊడింది. గుంజతో సహా పరిగెత్తి ఆయన ఛాతీ మీద రెండు కాళ్లూ వేసి, గడ్డమంతా నాకేసింది.

ఆయన రెండు చేతులూ గాల్లోకి ఎత్తి, దాన్ని ముట్టుకోకుండా ఒక క్షణం అలాగే నిలబడ్డాడు. తర్వాత ఆ చేతులు మెల్లగా దిగి దాని తల మీదికి వచ్చాయి.

"బట్టలు మార్చుకుని కడుక్కోవాలి. పోనీలే, నీళ్లకేం తక్కువ ఈ ఊళ్లో," అన్నాడు. ఇడ్లీ బండి ఆమె డబ్బా మూత తీయబోయి, తీయలేక, డబ్బాని నా చేతిలో పెట్టి అటు తిరిగి నిలబడింది. నేను కలెక్టరమ్మని వెల్లకిలా పడుకోబెట్టి గాయం చూశాను. కుట్లు చెక్కు చెదరలేదు.

కొట్టాయన లోపల్నించి వచ్చాడు. పంచె కట్టుకున్న పెద్ద రైతు, చేతిలో టీ గ్లాసు. "ఏంటండీ, మా కుక్కని ఏం చేస్తున్నారు?" అన్నాడు.

"ఇది మీది కాదండీ," అన్నాను.

"మాదేనండీ. ఆపరేషన్‌కి నేనే ఎక్కించి పంపాను."

"మరి తేడా కనపడలేదాండీ?"

ఆయన కొంచెం ఇబ్బందిగా గ్లాసు కింద పెట్టాడు. "కనపడిందండీ, ఎందుకు కనపడదు? మాది వట్టి బద్ధకస్తురాలు, బస్తా మీదనుంచి లేచేది కాదు. ఇది నిన్న సాయంత్రం వచ్చిన దగ్గర్నించీ ఊరంతా తిరుగుతూనే ఉంటే కట్టేశాను. పొద్దున్నే మా స్టాకంతా వాసన చూసింది. వ్యవసాయ శాఖవాళ్లు కూడా ఇంత శ్రద్ధగా చూడరండీ. తోక కూడా పైకి తిరిగింది. ఆపరేషన్ అయితే మార్పు వస్తుందేమో అనుకున్నాను. మా ఆవిడ అడిగితే, డాక్టరమ్మ బాగా చేసిందే అని చెప్పాను కూడాను."

నా సర్వీసు మొత్తంలో నా ఆపరేషన్‌కి అంత గొప్ప మెప్పు మళ్లీ రాలేదు.

ఇడ్లీ బండి ఆమె ఫోను తీసి పొద్దుటి వీడియో చూపించింది. ఆయన కళ్లజోడు తుడుచుకుని చూశాడు. "ఓర్నీ! ఇది మా బుజ్జి గదా! ఎక్కడుందండీ ఇది?" అని కేకేశాడు. వన్‌టౌన్‌లో ఇడ్లీలు తింటోందని చెప్పాను. ఆయన వెంటనే కొట్టు తమ్ముడికి అప్పజెప్పి, చెప్పులేసుకుని మా బండెక్కేశాడు. "మాది అమాయకురాలండీ, పట్నంలో తప్పిపోద్ది," అన్నాడు, దారి పొడుగునా కలెక్టరమ్మ తల నిమురుతూనే. బయల్దేరే ముందు పరుపుల ఆడవాళ్లు పెద్దాయన్ని చుట్టుముట్టారు. ఆ శుక్రవారం దాటాక వచ్చి అందరి పరుపులూ ఏకి పెడతానని మాటిస్తే గానీ బండిని కదలనివ్వలేదు.

మేము వన్‌టౌన్ చేరేసరికి సాయంత్రం బేరాల వేళ. సందు మొదట్లో బండి తలుపు తీయగానే కలెక్టరమ్మ దూకి, ఒక్కసారి ఒళ్లు దులుపుకుని, ఈ చివర నుంచి ఆ చివర దాకా ప్రతి కొట్టు ముందూ ఆగి చూసుకుంటూ వెళ్లింది. స్టీలు కొట్టాయన లేచి నిలబడి నమస్కారం పెట్టాడు. ఎవరో గిన్నె మీద గరిటెతో కొట్టారు, ఆ తర్వాత సందులో ఉన్న స్టీలంతా మోగింది. ఇడ్లీ బండి పక్కన కాళ్లు చాచి పడుకున్న బుజ్జి ఆ మోతకి ఒక కన్ను తెరిచి, తన యజమానిని చూసి, లేవాలా వద్దా అని ఆలోచించి, చివరికి తోక మాత్రం ఊపింది. ఎరువుల కొట్టాయన దాన్ని చంటిపిల్లలా ఎత్తుకుని, "ఇదండీ మా కుక్క!" అని అందరికీ చూపించాడు. ప్రెస్సాయన మా అందరికీ టీలు తెప్పించాడు. మా వల అతనికి బిస్కట్లు కూడా. అతను సగం బిస్కట్టు కింద వేస్తే కలెక్టరమ్మ వచ్చి తిని, మరీ ఎక్కువేం కాదు గానీ, తోక ఒక్కసారి ఊపి వెళ్లింది. "చూశారాండీ? చూశారా మేడమ్?" అని అతను వారం రోజులు చెప్పుకున్నాడు.

పిల్లలూ, మీకు దీనిలోంచి నేర్పాల్సింది ఏమిటంటే, గుర్తు బిళ్ల బోనుకి కాదు, కుక్క మెడకి కట్టాలి. మర్నాటి నుంచే అలా చేశాం. రేకు కూడా మార్పించాం. అంతకుమించి నీతి చెప్పడానికి నాకు కొంచెం మొహమాటం. ఎందుకంటే ఆ కుక్కని మేము సరిగ్గా దింపి ఉంటే ఆ ఒక్క సందు మమ్మల్ని నమ్మేది, అంతే. దింపడంలో పొరపాటు చేసి, దాన్ని వెతుక్కుంటూ విల్లు, ఇడ్లీలతో సహా కంకిపాడు దాకా వెళ్లొచ్చామన్న కబురు వన్‌టౌన్ అంతా పాకింది. పరుపుల పెద్దాయన ప్రతి బేరంతోపాటు ఆ కథ చెప్పేవాడు. చెప్పిన ప్రతిసారీ కాలవ ఇంకొంచెం వెడల్పయ్యేది. అంతమాత్రాన కావాలని కుక్కల్ని తారుమారు చేయకండి. మాకు కలిసొచ్చింది, మీకు రావాలని లేదు.

ఆ వానాకాలం పెద్దాయన మురుక్కాలవలోకి దిగాల్సిన పని పడలేదు. మెట్ల కింద కలెక్టరమ్మ ఒక్కతే పొడిగా పడుకుంది. గేటు దగ్గర అట్టపెట్టెలు పూర్తిగా ఆగిపోయాయని అబద్ధం చెప్పను. కానీ కొన్ని పొద్దుల్లో గేటు తెరిస్తే అక్కడ ఏమీ ఉండేది కాదు. అలాంటి రోజు ఆయమ్మ రెండోసారి బయటికెళ్లి చూసి వచ్చేది.

వానలు తగ్గాక, పక్క సందువాళ్లే కబురు పెట్టి పిలిపించారు. మేము వెళ్లేసరికి ఎవరూ ఏ కుక్కనీ దాచలేదు. అరుగుల మీద, కొట్ల ముందు వరసగా కట్టేసి ఉంచారు. ఒకరు పిల్లిని బుట్టలో పెట్టి తెచ్చారు. నేను ఒక్కొక్కదాన్నీ చూస్తుంటే, చంకలో ఒకడు, చెయ్యి పట్టుకుని ఒకడు, కొంగు పట్టుకుని ఇంకొకడు, ముగ్గురు పిల్లల తల్లి గుంపుని తోసుకుంటూ నా దగ్గరికి వచ్చింది.

"ఏమ్మా, నీ కుక్కేది?" అన్నాను.

"కుక్క కాదండీ. మా ఆయనకి చేయించుకోమని ఎప్పట్నించో చెబుతున్నానండీ. ఆస్పత్రి పేరెత్తితే పారిపోతున్నాడు. అదుగో, ఆ సైకిలు షాపులో ఉన్నాడు. మీ వల అతన్ని ఒక్కసారి పంపిస్తారా?"

సందంతా గొల్లుమంది. సైకిలు షాపు షట్టరు సగం దిగింది. నేను నవ్వాపుకుంటూ, "నేను పశువుల డాక్టర్నమ్మా," అన్నాను.

"అందుకేగా మిమ్మల్ని అడుగుతున్నానండీ," అంది.